ట్యూన్ కట్టే చేత్తోనే సొంత లేబుల్ పెట్టాలంటే

పాటలు రాసి, ట్యూన్ కట్టి, ఇంట్లో ఒక గదిలోనే ట్రాక్ తయారు చేసుకునేవాళ్లు తెలుగులో ఇప్పుడు చాలామందే ఉన్నారు. నాలుగు పాటలు ఆడాక సొంత లేబుల్, అంటే పాటలు విడుదల చేసే కంపెనీ, పెడదామన్న ఆలోచన వస్తుంది. అప్పుడు ఎక్కువమంది చేసే పని పేరు వెతుక్కోవడం, లోగో గీయించుకోవడం, యూట్యూబ్ ఛానల్ తెరవడం. ఇవన్నీ తర్వాత చేసుకోవచ్చు. ముందు మీ హార్డ్ డిస్కులో ఉన్న పాటల్లో ఏది ఎంతవరకు మీదో కాగితం మీద తేల్చుకోండి. లేబుల్ అంటే ఆ కాగితాల కట్టే.

అమెరికాలోని డెట్రాయిట్‌లో బెర్రీ గోర్డీ అనే పాటల రచయిత 1959లో ఇంట్లోవాళ్ల పొదుపు నిధి నుంచి 800 డాలర్లు అప్పు తీసుకుని లేబుల్ పెట్టారు. అంతకుముందు ఆయన కార్ల ఫ్యాక్టరీలో పని చేశారు, వేరే గాయకులకు పాటలు రాశారు. వెస్ట్ గ్రాండ్ బులవార్డ్‌లో ఒక ఇల్లు కొని కింద స్టూడియో, పైన కాపురం పెట్టారు. అదే మోటౌన్ అయింది. 1988లో ఆ లేబుల్‌ని 6 కోట్ల 10 లక్షల డాలర్లకు అమ్మేశారు. కానీ పాటల రచన హక్కులున్న కంపెనీ జోబెట్‌ని మాత్రం తన దగ్గరే ఉంచుకున్నారు. 1997లో అందులో సగం ఈఎంఐ అనే మ్యూజిక్ కంపెనీకి ఇస్తే, ఆ సగానికే 13 కోట్ల 20 లక్షల డాలర్లు వచ్చాయి. ఎందుకలా అన్నది అర్థమైతే ఈ వ్యాపారంలో సగం అర్థమైనట్టే.

ఒక పాట, రెండు ఆస్తులు

సాహిత్యం, ట్యూన్ కలిపి రచన. దాన్ని ఒక గొంతుతో, ఒక వాద్యగోష్ఠితో రికార్డు చేసిన ఫైల్ మాస్టర్. రచన పొలమైతే మాస్టర్ ఆ పొలంలో ఒక పంట. మీ పాటని రేపు ఇంకొకరు మళ్లీ రికార్డు చేస్తే ఆ కొత్త మాస్టర్ మీద మీకేమీ రాదు, రచన మీద మాత్రం వస్తుంది. మన చట్టంలో రచన హక్కు రచయిత బతికున్నంత కాలం, ఆపైన 60 ఏళ్లు. మాస్టర్‌కి విడుదలైన ఏడాది తర్వాత 60 ఏళ్లు.

రెండిటికీ డబ్బు వచ్చే దారులు వేరు. స్ట్రీమింగ్‌లో మాస్టర్ వాటా మీ డిస్ట్రిబ్యూటర్, అంటే మీ పాటని స్పాటిఫై లాంటి యాప్‌లకి చేర్చే సంస్థ, ద్వారా వస్తుంది. రచన వాటా ఐపీఆర్ఎస్ లాంటి సొసైటీ, అంటే రచయితలు, స్వరకర్తల తరఫున రాయల్టీ వసూలు చేసే సంస్థ, ద్వారా వస్తుంది. డిస్ట్రిబ్యూటర్‌కి పాట ఎక్కించేసి అంతా వస్తోందనుకునేవాళ్లకి రెండో దారి మూసుకుపోయి ఉంటుంది. ఐపీఆర్ఎస్‌లో రచయితగా, స్వరకర్తగా సభ్యత్వం తీసుకుని, ప్రతి పాటనీ విడిగా నమోదు చేయాలి. సభ్యత్వం తీసుకుని పాటలు నమోదు చేయకపోతే వాళ్ల దగ్గర డబ్బు ఉన్నా మీ పేరు మీద కట్టరు.

'ప్రొడ్యూసర్' అన్న మాట దగ్గర జాగ్రత్త. మన దగ్గర బీట్ చేసి, అరేంజ్ చేసి, మిక్స్ దాకా తీసుకెళ్లేవాణ్ణి మ్యూజిక్ ప్రొడ్యూసర్ అంటాం. కాపీరైట్ చట్టం దృష్టిలో సౌండ్ రికార్డింగ్ ప్రొడ్యూసర్ అంటే ఆ రికార్డింగ్‌ని చొరవ తీసుకుని, బాధ్యత వహించి చేయించినవారు. రాత్రంతా కూర్చుని ప్రోగ్రామింగ్ చేసినవారే మాస్టర్‌కి యజమాని కావాలని లేదు. స్టూడియో బుక్ చేసి, అందరికీ డబ్బిచ్చి, పని పూర్తి చేయించినవారు నాదే అనవచ్చు. ఈ తగువు రాకుండా చేసేది ఒక్క పేజీ ఒప్పందమే.

స్ప్లిట్ షీట్: పాట పుట్టిన రోజే

పాటలో ఎవరి వాటా ఎంతో రాసుకునే కాగితం స్ప్లిట్ షీట్. ఈ ఒక్క కాగితం దగ్గర కాస్త ఎక్కువ సేపు నిలబడదాం. పల్లవి ట్యూన్ మీది. చరణం ట్యూన్ కీబోర్డు వాయించిన మిత్రుడు అందుకున్నాడు. సాహిత్యం మూడో వ్యక్తిది. రచన మొత్తం 100 అనుకుంటే సాహిత్యానికి 50, ట్యూన్‌కి 50 పెట్టడం ఒక పద్ధతి. ట్యూన్‌లోని 50లో మీకు 30, మిత్రుడికి 20. కింద విడిగా మాస్టర్ గడి: ఖర్చు మీరే పెడితే 100 మీది, మిత్రుడు తన ప్రోగ్రామింగ్ డబ్బు వదులుకుని వాటా అడిగితే 80, 20. ఈ రెండు గడుల్నీ ఎప్పుడూ కలపకండి. 'పాటలో నీకు ఇరవై శాతం' అని నోటిమాటగా అన్నారంటే అది రచనలోనా, మాస్టర్‌లోనా, ఖర్చులు పోనా, పోకముందా అన్నది తర్వాత ఎవరికి నచ్చినట్టు వాళ్లు చెప్పుకుంటారు.

షీట్‌లో పాట పేరు, పల్లవి మొదటి పాదం, తేదీ, ప్రతి ఒక్కరి పాన్ కార్డులో ఉన్న పేరు, తెర పేరు, పాత్ర, శాతం, ఐపీఐ నంబరు, సంతకం ఉండాలి. ఐపీఐ అంటే సొసైటీ సభ్యత్వంతో వచ్చే అంతర్జాతీయ నంబరు. తెలుగు పేర్లకి ఇది చాలా అవసరం. వెంకటేశ్వర్లు అన్న పేరు రోమన్ లిపిలోకి వెళ్లేసరికి నాలుగు రకాలవుతుంది. ఇంటిపేరు ఒకచోట ముందు, ఒకచోట చివర, ఒకచోట ఒక్క అక్షరం. నంబరు లేకపోతే ఒకే మనిషి ముగ్గురు రచయితలుగా నమోదవుతాడు, డబ్బు మూడు చోట్ల ఆగిపోతుంది.

ముగ్గురూ సమానంగా అనుకుని 33, 33, 33 రాస్తుంటారు. అది 99. మొత్తం 100 కాని నమోదు ముందుకు కదలదు. ఇద్దరికి 33.33, ఒకరికి 33.34 రాయండి. రెండోది, రికార్డింగ్‌లో గాయని పల్లవిలో ఒక మాట మార్చింది, బాగుంది, ఉంచేశారు. అది రచనలో వాటా అవుతుందా? అవుననైనా కాదనైనా సెషన్ మొదలయ్యే ముందే చెప్పాలి. సంతకాలు మిక్స్‌కి పంపేలోపే అయిపోవాలి. పాట హిట్టయ్యాక ఎవరికీ తాము చేసిన పని చిన్నదిగా కనిపించదు.

సంతకాలయ్యాక షీట్ ఫొటో, డమ్మీ లిరిక్స్‌తో ఫోన్‌లో పాడిన మొదటి రికార్డింగ్, తేదీలతో సహా సెషన్ ఫోల్డర్‌లో దాచండి. కాపీరైట్ రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు, హక్కు పాట పుట్టగానే పుడుతుంది. కానీ కోర్టులో పనికొచ్చే సాక్ష్యం కాబట్టి నాలుగు ముఖ్యమైన పాటలకైనా చేయించుకోండి. రుసుము సాహిత్యానికి, సంగీతానికి 500 రూపాయల చొప్పున, సౌండ్ రికార్డింగ్‌కి 2,000. దరఖాస్తు వేశాక అభ్యంతరాల కోసం 30 రోజులు ఆగుతారు.

జానపదం, కీర్తన ముట్టుకునే ముందు

తెలంగాణ జానపదాలు, అన్నమయ్య కీర్తనలు కొత్త లేబుళ్లకి మంచి సరుకు. గొడవలు ఎక్కువగా వచ్చేదీ వీటి మీదే. జానపదం అని చెప్పుకునే పాటల్లో కొన్ని నిజానికి బతికున్న కవులు రాసినవి, ఊరూరా పాడుకోవడం వల్ల జానపదంలో కలిసిపోయినవి. ఊళ్లో పాడేవాళ్లని అడగండి, పాత క్యాసెట్ల అట్టల మీద చూడండి, పాట చివరి చరణంలో కవి ముద్ర ఉందేమో వినండి.

అన్నమయ్య 15వ శతాబ్దం వారు, సాహిత్యం అందరిదీ. కానీ రాగిరేకుల మీద దొరికింది సాహిత్యమూ రాగం పేర్లూ. మనం ఈ రోజు పాడుకునే స్వరకల్పనల్లో చాలా వరకు 20వ శతాబ్దపు విద్వాంసులవి. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారు 1979లో కాలం చేశారు, ఆయన స్వరపరిచిన కీర్తనల ట్యూన్ల మీద హక్కు 2039 చివరిదాకా ఉంటుంది. సాహిత్యం తీసుకుని మీ సొంత ట్యూన్ కట్టుకుంటే ఏ చిక్కూ లేదు. వినికిడిలో ఉన్న ట్యూనే కావాలంటే అనుమతి తీసుకోవాలి.

అలాగే యూట్యూబ్ కంటెంట్ ఐడీ, అంటే మీ పాట ఇంకొకరి వీడియోలో వినిపిస్తే పట్టుకునే ఏర్పాటు. అందులో పాట పెట్టాలంటే దానిలోని ప్రతి శబ్దం మీదా మీకు ప్రత్యేక హక్కు ఉండాలి. అందరికీ దొరికే లూప్ (మళ్లీ మళ్లీ తిప్పి వాడుకునే రెడీమేడ్ సంగీతపు ముక్క) ఒకటి బయటపడిపోయేలా వాడి ఆ పాటని కంటెంట్ ఐడీలో పెడితే, అదే లూప్ కొన్న ఇంకో పదిమంది వీడియోల మీద మీ పేరుతో క్లెయిములు పడతాయి. అవి తప్పుడు క్లెయిములే, డిస్ట్రిబ్యూటర్ మీ ఖాతానే ఆపేయవచ్చు. లీజుకి తీసుకున్న బీట్‌కీ ఇదే సూత్రం.

సెషన్‌లోనే వ్యాపారం

రికార్డింగ్ 24 బిట్, 48 కిలోహెర్ట్జ్‌లో చేయండి. గొంతు బాగా పెరిగిన చోట్ల (పీక్స్) మైనస్ 10 డీబీ దగ్గర ఉంటే చాలు, గట్టిగా ఎక్కించినందువల్ల లాభం లేదు. మిక్స్ అయిన రోజే ఐదు ఫైళ్లు తీసిపెట్టుకోండి: పూర్తి పాట, గొంతు లేని ట్రాక్, గొంతు మాత్రమే, 30 సెకన్ల కోత, విడివిడి స్టెమ్స్, అంటే ఒక్కో వాద్యానికీ గొంతుకీ వేరువేరు ట్రాకులు. స్టెమ్స్ అన్నీ ఒకే మొదటి బార్ నుంచి మొదలవ్వాలి. నాదస్వరం మూడో నిమిషంలో వచ్చినా ఫైల్ సున్నా నుంచే ఉండాలి, లేకపోతే ఇంకో కంప్యూటర్లో పెట్టినప్పుడు ఎక్కడ అతకాలో తెలియదు. ఫైల్ పేరులోనే టెంపో, శ్రుతి రాయండి. మూడు నకళ్లు ఉంచి, ఒకటి ఇంకో ఇంట్లో పెట్టండి. మూడేళ్ల తర్వాత ప్లగిన్ పాతబడి సెషన్ తెరుచుకోకపోతే మిగిలేవి ఈ ఫైళ్లే.

ఏ జ్యూయెలరీ షాపు ప్రకటనకో, వెబ్ సిరీస్‌కో పాట అడిగితే రెండు రోజుల్లో ఫైళ్లు కావాలంటారు. వాళ్లకి రచన లైసెన్సు, మాస్టర్ లైసెన్సు రెండూ కావాలి. రెండూ ఒకే చేతిలో ఉన్న లేబుల్‌కి అప్పుడు పని సులువు. లైసెన్సులో ఎన్నాళ్లు, ఏ ప్రాంతం, ఏ మాధ్యమం అన్నవి రాయకుండా ధర చెప్పకండి. లేకపోతే ఆరు నెలల ఇన్‌స్టాగ్రామ్ ప్రకటన ధరకి ఎప్పటికీ టీవీలో ఆడే హక్కు వెళ్లిపోతుంది.

వాయించినవాళ్లు, పాడినవాళ్లు రికార్డింగ్ రోజునే రిలీజ్ కాగితం, అంటే తమ పనిని వాడుకోవచ్చన్న అనుమతి, మీద సంతకం చేయాలి. ఎంత ఇచ్చారు, ఏ పాటకి, ఏ పేరుతో క్రెడిట్ వేస్తారు, అంతే, అరపేజీ చాలు. గాయకులకి చట్టంలో వేరే హక్కు ఉంది, వాళ్ల రాయల్టీ సొసైటీ వేరు. 'అన్ని హక్కులూ వదులుకున్నాను' అని రాయించుకుంటే సరిపోతుందనుకోకండి.

విడుదల తేదీ నుంచి వెనక్కి లెక్క

శుక్రవారం విడుదల 2015 జులై నుంచి ప్రపంచమంతా పాటిస్తున్న పద్ధతి. ఆ శుక్రవారానికి కనీసం నాలుగు వారాల ముందు ఫైల్ డిస్ట్రిబ్యూటర్‌కి చేరాలి. స్పాటిఫైలో ప్లేలిస్టు సంపాదకులకి పాట పంపుకోవడానికి కనీసం ఏడు రోజుల గడువు ఉండాలి, పాట వాళ్ల వ్యవస్థలోకి రాకముందు పంపడం కుదరదు. ముఖచిత్రం 3000 బై 3000 పిక్సెల్స్, దాని మీద వెబ్ అడ్రసు, ఫోన్ నంబరు, వేరే కంపెనీ లోగో ఉండకూడదు. ఎక్కువ తిరస్కరణలు వచ్చేది ఇక్కడే.

ఇక మాస్టరింగ్, అంటే విడుదలకి ముందు మిక్స్‌ని చివరిగా సరిదిద్దే పని. స్పాటిఫై పాట వినిపించేటప్పుడు మైనస్ 14 ఎల్‌యూఎఫ్ఎస్ (వినపడే గట్టితనానికి కొలత) దగ్గరికి శబ్దాన్ని సర్దుతుంది. పాట దానికన్నా గట్టిగా ఉంటే తగ్గించి వినిపిస్తుంది. అందుకని తీన్‌మార్ పాటని మైనస్ 14కి నీరుగార్చక్కర్లేదు. ట్రూ పీక్ (శబ్దం తాకే అసలు శిఖరం) మాత్రం మైనస్ 1 డీబీ, పాట మైనస్ 14 కన్నా గట్టిగా ఉంటే మైనస్ 2 డీబీ, దాటకుండా చూడండి, దాటితే ఫైల్ కుదించినప్పుడు డప్పు దెబ్బ పగిలినట్టు వినిపిస్తుంది.

ప్రతి రికార్డింగ్‌కీ 12 అక్షరాల ఐఎస్ఆర్‌సీ నంబరు ఉంటుంది. డిస్ట్రిబ్యూటర్ ఇచ్చినా సరే, మీ రిజిస్టర్లో రాసుకోండి. డిస్ట్రిబ్యూటర్ని మార్చినప్పుడు అదే నంబరు, అదే ఫైల్ ఇవ్వాలి. కొత్త నంబరు పడితే పాత పాట లెక్క అక్కడే ఆగి, సున్నా నుంచి మళ్లీ మొదలవుతుంది, ప్లేలిస్టుల్లోంచి పాట మాయమవుతుంది. రీమిక్స్‌కి, అన్‌ప్లగ్డ్‌కి మాత్రం కొత్త నంబరే కావాలి. ఏడాది రుసుము పద్ధతిలో నడిచే డిస్ట్రిబ్యూటర్ల దగ్గర రుసుము కట్టడం ఆపితే పాటలు తీసేస్తారో లేదో సంతకానికి ముందే అడగండి.

2024 నుంచి స్పాటిఫైలో గడిచిన 12 నెలల్లో వెయ్యి స్ట్రీములు దాటని ట్రాకుకి మాస్టర్ డబ్బు రాదు. కాబట్టి ఎవరికీ చెప్పకుండా ముప్ఫై పాటలు ఒకేసారి పోయడం కంటే, నెలన్నరకి ఒకటి చొప్పున విడుదల చేసి ఒక్కోదాన్నీ వెయ్యి దాటించడం మేలు.

పన్నులు

మొదట్లో సొంత పేరు మీద చేసుకోవచ్చు. ఇద్దరు భాగస్వాములైతే ఎల్ఎల్‌పీ (పరిమిత బాధ్యత భాగస్వామ్య సంస్థ) చాలు, దానికి ఏడాది టర్నోవర్ 40 లక్షలు, పెట్టుబడి 25 లక్షలు దాటకపోతే ఆడిట్ అక్కర్లేదు. లేబుల్ పేరుని ట్రేడ్‌మార్క్ చేయించడానికి వ్యక్తులకి ఆన్‌లైన్‌లో క్లాసుకి 4,500 రూపాయలు. క్లాసు అంటే వ్యాపార రకం నంబరు: సంగీతానికి 41, రికార్డింగులకి 9.

జీఎస్టీ సేవలకి హద్దు 20 లక్షలు. విదేశీ డిస్ట్రిబ్యూటర్ పంపే డబ్బు కూడా ఈ లెక్కలోకి వస్తుంది. చాలామందికి తెలియనిది ఇంకొకటి ఉంది. మీ కంపెనీ వేరే స్వరకర్త దగ్గర ట్యూన్ హక్కు తీసుకుంటే ఆ లావాదేవీ మీద జీఎస్టీ కట్టాల్సింది స్వరకర్త కాదు, మ్యూజిక్ కంపెనీ. దీన్ని రివర్స్ ఛార్జ్ అంటారు. అలా కట్టాల్సి వచ్చినవాళ్లకి 20 లక్షల మినహాయింపు వర్తించదు. మొదటి ట్యూన్ కొనేముందే ఆడిటర్‌ని అడగండి.

తెలుగు పాటలకి అమెరికాలో శ్రోతలు ఎక్కువ. యూట్యూబ్‌లో అమెరికా వీక్షణల మీద వచ్చే ఆదాయానికి అక్కడ పన్ను పట్టుకుంటారు. డబ్ల్యూ-8 బెన్ ఫారం నింపి భారత్-అమెరికా ఒప్పందాన్ని చూపితే 15 శాతం, అదీ అమెరికా వాటా మీదే. ఫారం నింపకపోతే ప్రపంచవ్యాప్తంగా వచ్చిన మొత్తం మీద 24 శాతం దాకా పోవచ్చు. పది నిమిషాల పని.

ఇంకొకరి పాట తీసుకున్నప్పుడు

ఇక్కడి నుంచి మీరు టేబుల్‌కి అవతలి వైపు కూర్చుంటారు. కాపీరైట్ చట్టంలో హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో ఉండాలి. కాలం రాయకపోతే ఐదేళ్లే. ప్రాంతం రాయకపోతే భారతదేశమే, అంటే డాలస్‌లో ఆడే పాట మీ చేతిలో లేనట్టు. తీసుకున్న హక్కుని ఏడాదిలోపు వాడకపోతే, వేరేలా రాసుకుంటే తప్ప, అది వెనక్కి పోతుంది. 2012 సవరణ తర్వాత సాహిత్య రచయిత, స్వరకర్త తమ రాయల్టీలో సమాన వాటాని వదులుకోలేరు, వారసులకో సొసైటీకో తప్ప ఇవ్వలేరు. వదులుకున్నట్టు రాయించుకున్న షరతు చెల్లదు. అది పెట్టి మంచి రచయితని పోగొట్టుకోవడం ఎందుకు?

అడ్వాన్సు లెక్క గాయకుడికి ముందే చూపించండి. 2 లక్షల అడ్వాన్సు, ఆదాయంలో గాయకుడి వాటా 20 శాతం, అడ్వాన్సు ఆ వాటాలోంచే కట్ అవుతుందనుకుందాం. అది తీరాలంటే పాట 10 లక్షలు తేవాలి. అప్పటికి కంపెనీకి 8 లక్షలు చేరి ఉంటాయి, గాయకుడికి అడ్వాన్సు కాక ఇంకా ఒక్క రూపాయి అందదు. దానికి బదులు 2 లక్షల ఖర్చు మొత్తం ఆదాయంలోంచి తీసేసి, ఆపైన చెరిసగం అంటే మూడో లక్ష నుంచే ఇద్దరికీ వస్తుంది. చిన్న లేబుల్‌కి రెండో పద్ధతే నిలబడుతుంది. ఐదేళ్ల ఒప్పందాలు వద్దు, ముందు ఒక్క పాట, కుదిరితే మూడు.

మోటౌన్‌కి వరసగా హిట్లిచ్చిన ముగ్గురు రచయితలు, హాలండ్ సోదరులు, లామంట్ డోజియర్, 1968లో అదే కంపెనీతో కోర్టుకెక్కారు. బయటికెళ్లి సొంత లేబుళ్లు పెట్టుకున్నారు. అంత పెద్ద కంపెనీయే రచయితల్ని నిలుపుకోలేకపోయింది. మీ దగ్గర పాట ఇచ్చినవాళ్లకి ఆరు నెలలకోసారి, డబ్బు రాకపోయినా సరే, సున్నా అని రాసైనా లెక్క పంపండి. లెక్క చూసుకునే హక్కు ఒప్పందంలో రాయండి. మీరు రాయని పాట మీద రచయితగా పేరు వేసుకోకండి. కంపెనీ పెట్టుబడికి మాస్టర్‌లోనో, రచన హక్కుల వ్యాపారం చూసే ప్రచురణకర్తగానో వాటా తీసుకోవడానికి వేరే దారి ఉంది.

పాటల రిజిస్టర్

ఒక ఎక్సెల్ షీట్ తెరిచి పాటకో వరస పెట్టండి: పాట పేరు, రచన శాతాలు, మాస్టర్ శాతాలు, ఐఎస్ఆర్‌సీ, ఐపీఆర్ఎస్‌లో నమోదైన తేదీ, విడుదల తేదీ, డిస్ట్రిబ్యూటర్, ఒప్పందం ముగిసే తేదీ, స్టెమ్స్ ఎక్కడున్నాయి. రేపు ఎవరైనా మీ క్యాటలాగ్, అంటే పాటలన్నిటి హక్కులూ, కొంటామని వస్తే మొదటి రోజు అడిగేది ఈ షీటే. ఖాళీ గడి ఉన్న పాటని ధరలోంచి తీసేస్తారు.

దానితోపాటు మీ తర్వాత ఈ హక్కులు ఎవరికో వీలునామాలో రాయండి. ఐపీఆర్ఎస్‌లో వారసుల పేరు నమోదు చేయండి. డిస్ట్రిబ్యూటర్, యూట్యూబ్ ఖాతాల పాస్‌వర్డులు, స్టెమ్స్ ఉన్న డ్రైవ్ ఎక్కడుందో ఒక కవరులో పెట్టి ఇంట్లో ఒకరికి చూపించండి. రచన హక్కు మీ తర్వాత 60 ఏళ్లు బతుకుతుంది, అన్నేళ్లూ దాన్ని వసూలు చేయాల్సింది వాళ్లే.